వాన తక్కువ, కష్టం ఎక్కువ: ఒక నార్వే లోయ కథ

ఐరోపా పల్లెల చరిత్ర – 9వ భాగం

పోయిన సంచికలో మనం నార్వే పడమటి తీరంలో ఉన్నాం. అక్కడ బెర్గెన్ పట్నంలో ఏడాదికి రెండు వేల మిల్లీమీటర్లకు పైగా వాన పడుతుంది. ఆ వానను మోసుకొచ్చే మబ్బులు తీరం వెనక నిలబడ్డ కొండలకు తగిలి అక్కడే కురిసేస్తాయి. కొండ దాటి తూర్పుకు దిగే గాలిలో తడి మిగలదు. ఆ దిగువన ఒట్టా నది ఒడ్డున షోక్ అనే ఊళ్ళ సమూహం ఉంది. అక్కడ ఏడాది మొత్తం మీద 300 మిల్లీమీటర్ల వాన కూడా పడదు. మన అనంతపురం వానలో సుమారు సగం. వేసవి నెలల్లో అయితే బార్లీ చేను తడవడానికి కూడా ఆ వాన చాలదు.

ఒట్టా నది పారే ఈ లోయలో పైనుంచి కిందికి షోక్, లోమ్, వోగో అనే మూడు గ్రామ సీమలు వరసగా ఉంటాయి. ఇది గూడ్‌బ్రాన్స్‌డాలెన్ అనే పెద్ద లోయకు పడమటి కొమ్మ. పెద్ద లోయలో పారే లోగెన్ నది లిల్లెహమ్మర్ దగ్గర మ్యోసా సరస్సులో కలుస్తుంది. లోమ్ సీమలోనే నార్వేలోకెల్లా ఎత్తైన శిఖరం గాల్‌హ్యోపిగ్గెన్ ఉంది, ఎత్తు 2,469 మీటర్లు. ఆ కొండల మీది మంచే ఈ లోయకు చెరువూ, జలాశయమూ.

ఈ లోయ రైతులు మధ్యయుగాల నాటినుంచే కొండ కాలువలు కట్టుకున్నారు. ఎగువన మంచు కరిగి పారే వాగుకు అడ్డుకట్ట వేసి, కొండ వాలు వెంట సన్నని కాలువ తవ్వుతూ కిందికి తెచ్చేవారు. రాతి గోడ అడ్డొచ్చిన చోట పైన్ మానును నిలువునా చీల్చి, లోపల తొలిచి, దోనెలా చేసి, ఒకదాని కొసకు ఒకటి అతికి, కొండ చరియకు వేలాడదీసేవారు. కొన్ని కాలువలు కిలోమీటర్ల పొడవున సాగేవి. ఇందులో ప్రకృతి చేసిన సాయం ఒకటుంది. వాన కాలువ ఎండల్లో ఎండిపోతుంది. మంచు కాలువ అలా కాదు, ఎండ ముదిరి చేను ఎక్కువ దాహపడే రోజుల్లోనే దానికి నీళ్ళు ఎక్కువ వస్తాయి.

నీళ్ళు వచ్చాక వాటిని పంచాలి. ఏ కమతానికి ఎంతసేపు పారాలో కట్టుబాటు ఉండేది. ఆ హక్కు మనిషికి కాదు, కమతానికి. కమతం చేతులు మారితే నీటి వంతు కూడా దాని వెంటే పోయేది. జూన్ నెలలో అక్కడ రాత్రి సరిగా చీకటి పడదు కనుక వంతు అర్ధరాత్రి వచ్చినా మనుషులు చేలో ఉండాల్సిందే. కాలువ నీళ్ళను చేను మీదికి మళ్ళించడంతో పని అయిపోయేది కాదు. పిల్ల కాలువలో నిలబడి, పొడుగు పిడి ఉన్న చెక్క పారతో నీళ్ళు ఎత్తి, వాన కురిసినట్టు దూరంగా చిమ్మాలి. గంటల తరబడి అదే పని. ఆ చెక్క పారలు ఇవాళ మ్యూజియం గోడ మీద తేలిగ్గా కనిపిస్తాయి. వాటిని పట్టుకున్న భుజాలు ఎవరివో మాత్రం పక్కనున్న చీటీ చెప్పదు. ఈ భాగంలో నేను చెప్పదలచుకున్నది ఆ భుజాల గురించే.

ఈ లోయ ఏడాదిని రెండు ముక్కలుగా చూసేది. ఇంటింటా ఒక చెక్క పంచాంగం ఉండేది. కర్ర పలకకు ఒకవైపు వేసవి, రెండోవైపు శీతాకాలం. పండుగలకూ పనులకూ గుర్తులు చెక్కి ఉండేవి. ఏప్రిల్ 14న పలకను వేసవి వైపుకు తిప్పేవారు, అక్టోబర్ 14న మళ్ళీ శీతాకాలం వైపుకు. పాలేర్లూ పనికత్తెలూ యజమానిని మార్చేది కూడా ఆ రోజుల్లోనే. బట్టల పెట్టె భుజాన పెట్టుకుని ఒక కమతం నుంచి ఇంకో కమతానికి నడిచిపోయేవారు.

వేసవిలో మూడు పెద్ద పనులు: దుక్కీ విత్తనాలూ, గడ్డి కోత, పంట కోత. మూడింటిలోనూ ప్రాణం పోసేదీ తీసేదీ గడ్డి కోతే. అక్టోబర్ నుంచి మే దాకా పశువులు కొట్టంలోనే ఉండాలి. అన్ని నెలల మేత కొద్ది వారాల్లో కోసి, ఎండబెట్టి, దాచాలి. ఇంటి చుట్టూ ఉన్న పచ్చిక చాలదు కాబట్టి కొండ మీది బయళ్ళకు వెళ్ళి అక్కడ దొరికిన గడ్డినంతా కోసేవారు. దాన్ని అక్కడే వామి వేసి, మంచు పడ్డాక గుర్రాలు లాగే జారుడు బళ్ళ మీద కిందికి తెచ్చేవారు. అదీ చాలక బర్చ్ చెట్ల లేత కొమ్మలు నరికి ఆకుతో సహా ఎండబెట్టేవారు. కొండ రాళ్ళ మీద పెరిగే తెల్లటి నాచును గీకి తెచ్చి ఆవులకు పెట్టేవారు.

ఇంత చేసినా వసంతం వచ్చేసరికి మేత అడుగంటేది. ఏప్రిల్, మే నెలల్లో ఆవులు లేవలేని స్థితికి వచ్చేవి. మొదటి రోజు పచ్చికకు తోలేటప్పుడు కొన్నిటిని మనుషులు పట్టి లేపి బయటికి తేవాల్సి వచ్చేది. 19వ శతాబ్దంలో చదువుకున్న వ్యవసాయ నిపుణులు ఇది చూసి రైతును మూర్ఖుడన్నారు. తక్కువ ఆవులను ఉంచుకుని కడుపునిండా మేపితే పాలు ఎక్కువ వస్తాయి కదా అన్నారు. లెక్క ప్రకారం వాళ్ళ మాట సరైందే. కానీ ఆ రైతుకు ఆవు పాలకు మాత్రమే కాదు, పేడకు కూడా. పేడ లేకపోతే బార్లీ లేదు. పశువుల సంఖ్యే ఆ కమతం పరపతి. వచ్చే వేసవి ఎలా ఉంటుందో ఎవరికీ తెలియదు కాబట్టి రైతు ఏ ఆవునూ వదులుకోలేకపోయాడు. ఆకలిని మనుషులూ పశువులూ పంచుకుని బతికారు.

ఇక కమతం. పాతకాలపు కమతం అంటే ఒక ఇల్లు కాదు, ఇళ్ళ గుంపు. గూడ్‌బ్రాన్స్‌డాలెన్‌లో పెద్ద కమతాలకు రెండు ముంగిళ్ళు ఉండేవి. లోపలి ముంగిలి చుట్టూ మనుషుల ఇళ్ళూ తిండి కొట్లూ, బయటి ముంగిలి చుట్టూ పశువుల కొట్టాలు. దుంగల గోడలు, బర్చ్ బెరడు పరిచి దాని మీద మట్టిగడ్డలు కప్పిన పైకప్పులు. ఎలుకలు ఎక్కకుండా రాతి, చెక్క కాళ్ళ మీద ఎత్తి కట్టిన కొట్టు ఒకటి తప్పనిసరి. అప్పడమంత పల్చని ఎండు రొట్టెలను ఏడాదికి కొద్దిసార్లే కాల్చి అందులో దొంతులుగా పేర్చేవారు. తడి తగలకపోతే అవి నెలలు కాదు, ఏళ్ళు నిలిచేవి.

మనిషికి కమతమే ఇంటిపేరు. పెళ్ళయి అత్తగారి కమతానికి వెళ్ళిన మగవాడు ఆ కమతం పేరుతోనే పిలవబడేవాడు. అందరికీ మారని ఇంటిపేరు ఉండాలని చట్టం వచ్చింది 1923లో. పెద్ద కొడుకుకు కమతం దక్కే వారసత్వ హక్కు మాత్రం చాలా పాతది. 1814 రాజ్యాంగమే దాన్ని రద్దు చేయరాదని రాసుకుంది. కూతురైనా కొడుకైనా మొదటి సంతానానికే ఆ హక్కు అని మార్చడానికి 1974 దాకా పట్టింది. కమతాన్ని ముక్కలు కానీకుండా కాపాడిన ఆ హక్కే చిన్న కొడుకులను నేల లేనివాళ్ళను చేసింది. 1801లో నార్వే జనాభా 8,83,000. 1865 నాటికి 17 లక్షలు. మశూచి టీకా వచ్చింది, బంగాళాదుంప వచ్చింది, యుద్ధాలు ఆగాయి, పిల్లలు బతికారు. నేల మాత్రం పెరగలేదు. అన్న రైతు, తమ్ముడు హుస్‌మన్. ఒక తరంలో ఒకే కడుపున పుట్టినవాళ్ళు రెండు వర్గాలయ్యారు.

హుస్‌మన్ అంటే పెద్ద రైతు నేల అంచున, రాళ్ళు ఎక్కువగా ఉన్న చోట, చిన్న చెక్క గుడిసె వేసుకుని, గుప్పెడు నేల చెక్కను సాగు చేసుకునే కౌలుదారు. కౌలు డబ్బుతో కాదు, ఒంటితో కట్టాలి. రైతు కబురు పెట్టినప్పుడు వెళ్ళాలి. కూలి ఇచ్చేవారు గానీ అది బయటి కూలి కంటే తక్కువ. దీన్ని వెట్టి అనలేం, స్వేచ్ఛ అని కూడా అనలేం. రైతు గడ్డి ఆరే రోజే హుస్‌మన్ గడ్డీ ఆరుతుంది. రైతు బార్లీ పండిన వారమే అతని బార్లీ కూడా పండుతుంది. పగలంతా రైతు చేలో కోసి, రాత్రి తెల్లటి వెలుతురులో పెళ్ళాం పిల్లలతో తన చెక్క కోసుకునేవాడు. నీటి వంతు విషయంలోనూ ఇదే వరస. నీళ్ళ హక్కు కమతానిది, చెక్క పారతో చిమ్మే ఒళ్ళు మాత్రం హుస్‌మన్‌ది, పనికత్తెది.

1855లో నార్వే మొత్తం మీద నేల ఉన్న హుస్‌మన్ కుటుంబాలు 65,000. ఆ లెక్క అక్కడితో ఆగదు. చెక్క నేల కూడా లేకుండా గుడిసె మాత్రమే ఉన్నవాళ్ళు వేరు. పెద్ద కమతాలున్న గూడ్‌బ్రాన్స్‌డాలెన్ వీళ్ళు దట్టంగా ఉన్న ప్రాంతాల్లో ఒకటి. 1814 రాజ్యాంగాన్ని ఆనాటి ఐరోపాలో ఉదారమైనదిగా అందరూ మెచ్చుకున్నారు, అది నిజమే. కానీ ఓటు భూమి ఉన్న రైతుకూ, దస్తావేజు మీద కౌలుకు తీసుకున్నవాడికీ, ఉద్యోగికీ, పట్నపు వర్తకుడికీ. హుస్‌మన్‌కు లేదు. 1837లో గ్రామాలకు స్వపరిపాలన వచ్చింది. ఊరి పెత్తనం రాజోద్యోగుల చేతిలోంచి రైతుల చేతికి మారింది. అది గొప్ప మార్పే. అయితే కూలి రేటు విషయంలో హుస్‌మన్ ఎవరితో తగవు పడాలో, ఊరి సభలో ఆ మనిషే కూర్చున్నాడు.

ఈ బాధకు గొంతు ఇచ్చినవాడు మార్కుస్ త్రానె. 1848 చివర డ్రామ్మెన్ పట్నంలో ఆయన మొదలుపెట్టిన కార్మిక సంఘం రెండేళ్ళలో దేశమంతా పాకింది. సుమారు 30,000 మంది చేరారు. పేరుకు కార్మిక సంఘమే గానీ ఊళ్ళలో అందులో చేరింది ఎక్కువగా హుస్‌మన్‌లే. మగవాళ్ళందరికీ ఓటు, హుస్‌మన్ బతుకుకు భద్రత అడుగుతూ 1850లో రాజుకు అర్జీ పెట్టారు. దాని మీద దాదాపు 13,000 సంతకాలు. రాజు ఒప్పుకోలేదు. 1851లో త్రానెను అరెస్టు చేశారు. ఏళ్ళ తరబడి జైలు అనుభవించి, చివరికి 1863లో ఆయన అమెరికా ఓడ ఎక్కాడు. హుస్‌మన్‌ల గురించి 1851లో ఒక చట్టం వచ్చింది గానీ దానివల్ల కలిగిన ఊరట కొంచెమే. మగవాళ్ళందరికీ ఓటు 1898లో వచ్చింది, ఆడవాళ్ళకు 1913లో.

ఆ సంతకాల సంగతి నన్ను చాలా ఆలోచింపజేస్తుంది. అంతమంది పేదలకు రాయడం ఎలా వచ్చింది? 1736లో రాజు ఒక నియమం పెట్టాడు. పెద్దవాళ్ళయ్యే పిల్లలందరూ పాదిరి ముందు మతపాఠం అప్పజెప్పాలి, లేకపోతే పెళ్ళికి కూడా అర్హత లేదు. దానికోసం 1739లో ఊళ్ళలో బడి పెట్టమన్నారు. బడి కట్టే డబ్బు లేదు కాబట్టి పంతులే కమతం కమతానికీ తిరిగి, ఒక్కో ఇంట్లో కొన్నాళ్ళు ఉండి, చుట్టుపక్కల పిల్లలను కూర్చోబెట్టి చెప్పేవాడు. అలా మతం కోసం నేర్పిన అక్షరం అర్జీ మీద సంతకమైంది. బడికి స్థిరమైన గది ఉండాలని చట్టం చెప్పింది 1860లో.

ఇక ఆడవాళ్ళ వేసవి. జూన్‌లో మంచు కరగగానే ఆవులు, మేకలు, వాటి వెంట పాలు పితికే అమ్మాయిలు కొండ మీది వేసవి మకాంకు ఎక్కేవారు. సేటర్ అంటారు దాన్ని. కింది పచ్చికను శీతాకాలం కోసం కోసుకోవాలంటే పశువులు పైన మేయాలి, అదీ కారణం. తిరిగి దిగేది సెప్టెంబర్‌లో. నార్వే పల్లెల్లో పాలు పితకడం ఆడవాళ్ళ పని, మగవాడు పితికితే పరువు తక్కువ. కనుక సేటర్ ఆడవాళ్ళ రాజ్యం. చిత్రకారులు దాన్ని పచ్చటి కలగా గీశారు. నిజానికి అక్కడ తెల్లవారుజామున ఒకసారి, సాయంత్రం ఒకసారి పాలు పితకాలి. మీగడ తీసి చిలకాలి, చీజ్ చేయాలి, పొయ్యికి కట్టెలు తేవాలి, పాత్రలన్నీ కొండ నీళ్ళలో తోమాలి. రాత్రుళ్ళు ఎలుగుబంటీ తోడేలూ వస్తాయేమోనని చెవులు రిక్కించి పడుకోవాలి. పశువులను పిలవడానికి వాళ్ళు ఎత్తైన గొంతుతో తీసే కూత కొండ నుంచి కొండకు వినిపించేది. ఆవులకు తమ మకాం పిలుపు ఏదో తెలుసు.

ఈ పనిలోంచే గూడ్‌బ్రాన్స్‌డాలెన్‌కు పేరు తెచ్చిన వస్తువు పుట్టింది. పాలు విరగ్గొట్టి చీజ్ తీశాక మిగిలే తేటను పారబోయకుండా గంటల తరబడి కాచి, నీరంతా ఇగిరిపోయాక గట్టిపడిన ముద్దను దాచుకోవడం పాత అలవాటే. 1863 వేసవిలో అన్నె హోవ్ అనే పదిహేడేళ్ళ అమ్మాయి, సోల్‌బ్రో అనే సేటర్‌లో, ఆ ఇగురుతున్న తేటలో మీగడ పోసింది. గోధుమ రంగులో, తియ్యగా, మెత్తగా కొత్త చీజ్ వచ్చింది. దాన్ని కిందికి తెస్తే వర్తకుడు మంచి ధర ఇచ్చాడు. తరువాత పెళ్ళయి వెళ్ళిన కమతంలో కూడా ఆమె ఈ తయారీ సాగించింది. మేకపాలు కలిపి చేసే రకం ఆపైన పుట్టింది. 1880లలో అమెరికా, రష్యా నుంచి చవక ధాన్యం ఓడల్లో దిగి, ఈ లోయలో బార్లీ పండించడం గిట్టుబాటు కాకుండా పోయినప్పుడు ఎన్నో కమతాలను నిలబెట్టిన ఆదాయాల్లో ఈ చీజ్ ఒకటి. 1933లో, 87 ఏళ్ళ వయసులో, ఆమెకు రాజు పతకం వచ్చింది. ఒక పాల మకాం పనిని దేశం గుర్తించడానికి డెబ్బై ఏళ్ళు పట్టింది.

ఆడవాళ్ళ పనికి విలువ ఇవ్వాలా వద్దా అన్న విషయం మీద నార్వేలో ఒక పెద్ద వాదమే జరిగింది. ఆ వాదం పుట్టింది వంటింటి కుండలో. రోజూ తినే తిండి పిండి ఉడికించి చేసే జావ ముద్ద, మన సంగటి లాంటిది. దించే ముందు ఇల్లాలు ఇంకో గుప్పెడు పిండి వేసి కలిపేది. జానపద కథలు సేకరించి దేశమంతా పేరు పొందిన ఆస్‌బ్యోర్న్‌సెన్ 1864లో మారుపేరుతో ఒక వంట పుస్తకం రాసి, ఆ చివరి గుప్పెడు ఉడకదు, అరగదు, వృథా అన్నాడు. దేశంలో ఇంత ధాన్యం ఇల్లాళ్ళ అజ్ఞానం వల్ల పోతోందన్నాడు. దానికి ఎదురు నిలిచినవాడు ఐలెర్ట్ సుంట్. ఈయన ఊరూరా తిరిగి హుస్‌మన్‌ల ఇళ్ళూ, పెళ్ళిళ్ళూ, శుభ్రతా అన్నీ చూసి రాసిన పరిశోధకుడు. తరతరాలుగా ఆడవాళ్ళు చేస్తున్న పనికి ఏదో కారణం ఉండి తీరుతుంది, దాన్ని తెలుసుకోకుండా తెలివితక్కువని ఎలా అంటారు అని అడిగాడు. ప్రొఫెసర్లు, వైద్యులు, పత్రికలు రెండు పక్షాలుగా చీలిపోయాయి. నార్వే చరిత్రలో దీన్ని జావ యుద్ధం అంటారు. సుంట్‌కు పెద్దమనుషుల మద్దతు పెద్దగా దక్కలేదు. అయినా నేను ఆయన పక్షమే. పిండి అరుగుతుందా లేదా అన్నది పక్కన పెట్టినా, చేసేవాళ్ళను అడగకుండా వాళ్ళ పనిని తీర్పు చెప్పరాదన్న ఆయన పట్టుదల చరిత్ర రాసే ఎవరికైనా మొదటి పాఠం.

నీళ్ళ కోసం ఇంత పాటు పడ్డ సీమను నీళ్ళే ముంచిన సందర్భం కూడా ఉంది. 1789 జూలై నెల. అంతకుముందు శీతాకాలంలో నేల లోతుగా గడ్డకట్టింది, మంచు ఆలస్యంగా కరిగింది, దాని మీద ఎడతెరిపి లేని వాన. నేల నీళ్ళు తాగలేదు. కొండ చరియలు విరిగి కమతాలకు కమతాలే కొట్టుకుపోయాయి. అరవై మందికి పైగా చనిపోయారు, అందులో ఎక్కువ మంది గూడ్‌బ్రాన్స్‌డాలెన్ వాళ్ళే. మట్టి కొట్టుకుపోయి రాళ్ళు మిగిలిన చోట మళ్ళీ చేను చేయలేని కొందరు దూరంగా ఉత్తరాన మోల్‌సెల్వ్ లోయకు వలసపోయి అక్కడ కొత్త ఊళ్ళు కట్టుకున్నారు. ఇవాళ్టికీ అక్కడి మాటలో తూర్పు నార్వే యాస వినిపిస్తుంది.

ఇంకో వందేళ్ళకు వలస దిక్కు మారింది. 1896లో రైలు ఒట్టా ఊరి దాకా వచ్చింది. వెన్నా చీజ్ రాజధానికి తొందరగా చేరాయి. అదే పట్టాల మీద మనుషులూ వెళ్ళిపోయారు. 1825 నుంచి వందేళ్ళలో నార్వే నుంచి అమెరికా వెళ్ళినవాళ్ళు సుమారు ఎనిమిది లక్షలు. హుస్‌మన్ వెళ్ళిపోయిన కొద్దీ కమతాల్లో కూలీ దొరకడం కష్టమైంది. కూలి పెరిగింది, గడ్డి కోసే యంత్రం వచ్చింది. ఉండిపోయిన హుస్‌మన్‌లకు తమ చెక్క నేలను కొనుక్కునే హక్కు 1928 భూమి చట్టంతో దక్కింది.

ఈ పాత ప్రపంచం కరిగిపోతుండగా దాన్ని పట్టి దాచినవాడు ఒక పళ్ళ వైద్యుడు. ఆన్డెర్స్ సాన్‌విగ్ 1885లో లిల్లెహమ్మర్‌కు వచ్చి, పళ్ళు పీకుతూ లోయంతా తిరిగాడు. కూల్చబోతున్న ఇళ్ళను కొని, విప్పి, తెచ్చి మళ్ళీ నిలబెట్టాడు. 1904లో తెరిచిన మైహౌగెన్ ఆరుబయలు మ్యూజియం అలా తయారైంది. ఇప్పుడక్కడ రెండు వందలకు పైగా కట్టడాలున్నాయి. పెద్ద కమతాల చెక్కిన స్తంభాల దగ్గరే జనం ఎక్కువసేపు ఆగుతారు. హుస్‌మన్ గుడిసె కూడా అక్కడే ఉంది, వెళ్ళినవాళ్ళు దాని ముందు కూడా అంతసేపు నిలబడాలని కోరుకుంటాను. సేటర్ పనితనాన్ని నార్వే, స్వీడన్ దేశాల ఉమ్మడి వారసత్వంగా 2024లో యునెస్కో తన జాబితాలో చేర్చింది.

ఈ లోయ నుంచి కవులూ రచయితలూ చాలామంది వచ్చారు. వాళ్ళలో లోమ్ సీమలో 1916లో పుట్టిన తోర్ యూన్సన్ హుస్‌మన్ కొడుకు. పల్లెను ముంగిలి లోపలినుంచి కాకుండా పొలం అంచునున్న గుడిసె నుంచి చూసి రాశాడు. ఊరివాళ్ళకు అతని మాట రుచించలేదు. 35వ ఏట తన చేతులతోనే ప్రాణం తీసుకున్నాడు. ఆ తరువాత లోయ అతన్ని తనవాడని చెప్పుకుంది.

వచ్చే సంచికలో: ఒట్టా లోయ వదిలి మిన్నెసోటా మైదానాలకు చేరిన కుటుంబాలు అక్కడ ఏం పండించాయి, ఏం మరిచిపోయాయి.